ఉత్తరువు చేతికి వచ్చిన పిమ్మట

దేవుడు వరమిచ్చినను పూజారి వరమీయడని మనలో నొక సామెత కలదు. తిరుత్తణి కొండ మెట్లెక్కి స్వామిని సేవించి వచ్చువారు ఈ సామెతను నవ్వుచు చెప్పుకొందురు. హైకోర్టులో కేసు గెలిచి, తీర్పు నకలును సంచిలో పెట్టుకొని, కార్యాలయముల చుట్టును తిరుగుచున్న ఉద్యోగికి మాత్రము ఇందులో నవ్వు కనబడదు. బర్తరపు చెల్లదని న్యాయమూర్తి వ్రాసిరి. తిరిగి పనిలో చేర్చుకొనవలెననియు వ్రాసిరి. ఐనను గుమాస్తా “ఫైలు పైకి పోయినది” అనుచునే యున్నాడు. నెలలు గడచుచున్నవి. ఇంటిలో బియ్యము నిండుకొనుటకు తీర్పుతో సంబంధము లేదు.

ఇట్టి స్థితిలో నున్నవానికి నలుగురును చెప్పు సలహా ఒక్కటే: “ధిక్కారపు కేసు వేయుము, అధికారి పరుగెత్తుకొని వచ్చును.” సలహా తప్పు కాదు. కాని కోర్టు ధిక్కార మనగా నేమి, అది ఎచట పనికి వచ్చును, ఎచట పనికిరాదు అను సంగతి తెలియక ఆ దారిని పట్టినవారు గెలిచిన కేసును రెండవమారు పోగొట్టుకొనుట కలదు. మా సంచికను చదువు కుటుంబములలో ఉపాధ్యాయులు, నేతపనివారు, కార్ఖానాలలో పనిచేయువారు, బస్సు ఉద్యోగులు అనేకులు గలరు గనుక ఈ విషయమును కొంత విపులముగ చెప్పదలచితిమి.

మన ప్రాంతమువారికి హైకోర్టు అనగా ఏది యను ప్రశ్నకే ఒక్క తరములో పలుమారులు సమాధానము మార్చుకొనవలసి వచ్చినది. తిరుత్తణి తాలూకా చిత్తూరు జిల్లాలో భాగమై మదరాసు హైకోర్టు క్రింద నుండెడిది. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్ర మేర్పడి, 1954 జూలైలో గుంటూరున హైకోర్టు నెలకొనగా తిరుత్తణి వ్యాజ్యములు గుంటూరునకు పోయినవి. 1956 నవంబరులో హైదరాబాదునకు పోయినవి. పటాస్కరు నిర్ణయమును అనుసరించి 1960 ఏప్రిల్ 1న తాలూకా మదరాసు రాష్ట్రమున చేరగా మరల మదరాసునకే వచ్చినవి. తిరువళ్లూరువారికి ఈ ప్రయాణములు తప్పినవి. 1997లో తిరువళ్లూరు జిల్లా ఏర్పడిన నాటినుండి ఇరువురిదియు ఒకే జిల్లా. ఏ ఊరి హైకోర్టు అయినను దానికి గల ఒక అధికారము మాత్రము ఒకటే. అదియే మన విషయము.

రాజ్యాంగపు 129వ అధికరణము సుప్రీంకోర్టునకును, 215వ అధికరణము ప్రతి హైకోర్టునకును తమ్ము ధిక్కరించినవారిని శిక్షించు అధికారము కలదని చెప్పుచున్నవి. ఆ అధికారము ఎట్లు నడువవలెనో నిర్ణయించుటకు 1926లో ఒక చట్టమును, 1952లో మరియొక చట్టమును వచ్చినవి. ఇప్పుడు అమలులో నున్నది 1971 నాటి చట్టము. ఇది ధిక్కారమును రెండు తెగలుగ విభజించినది. కోర్టును నిందించుట, న్యాయవిచారణకు అడ్డుపడుట మొదలైనవి క్రిమినలు ధిక్కారము. 2020లో సుప్రీంకోర్టు ఒక ప్రసిద్ధ న్యాయవాదికి 1 రూపాయి జరిమానా విధించినప్పుడు పత్రికలలో మారుమ్రోగినది ఈ తెగయే. దానితో మనకిచట పనిలేదు. రెండవది సివిలు ధిక్కారము: కోర్టు తీర్పును గాని, డిక్రీని గాని, ఉత్తరువును గాని బుద్ధిపూర్వకముగ పాలింపకుండుట; లేక కోర్టునకు ఇచ్చిన మాటను బుద్ధిపూర్వకముగ తప్పుట.

ఇచట నొక సూక్ష్మ మున్నది. ధిక్కారపు విచారణ కోర్టునకును, కోర్టు మాట విననివానికిని నడుమ జరుగు వ్యవహారము. ఉద్యోగి అందు సమాచార మిచ్చువాడు మాత్రమే. తన జీతపు బాకీ ఎంత, తన సీనియారిటీ ఎక్కడ అను కొత్త తగవులు అక్కడ తీరవు. బ్యాంకు ఉద్యోగి ఒకరి వ్యవహారమున 2006లో సుప్రీంకోర్టు ఈ సంగతిని విస్పష్టముగ చెప్పినది: ధిక్కారమును విచారించు న్యాయమూర్తి మూలవివాదపు మంచిచెడ్డలను తిరిగి తీర్పరాదు. కాబట్టి మొదటి ఉత్తరువులో లేనిది ధిక్కారపు కేసులో దొరకదు. అందుచేతనే మొదటి ఉత్తరువున ఏ మాటలున్నవో చూచుట ముఖ్యము.

మన చేతికి వచ్చు ఉత్తరువులలో తరచుగ కనబడు మాట “పరిశీలింపుడు” అనునది. మదరాసు హైకోర్టులో ఉద్యోగ విషయమైన రిట్టు వేయగా, “అర్జీదారు పెట్టుకొన్న విన్నపమును దాని గుణదోషములను బట్టి, చట్టప్రకారము పరిశీలించి, ఈ ఉత్తరువు నకలు అందిన నాటినుండి ఇన్ని వారములలో తగిన ఆజ్ఞ జారీచేయవలెను” అను భావముగల ఉత్తరువుతో కేసు ముగియుట సర్వసామాన్యము. మన ఇండ్లలో పెద్దలు “చూతములే” అనిన, దాని నెట్లు గ్రహింపవలెనో ముఖకవళికలను బట్టి తెలియును. తొంబదిపాళ్లు అది ఒప్పుకోలే. కార్యాలయపు తమిళమునను ఇదే సంస్కృతపు మాట “పరిశీలనై” అయి తిరుగుచున్నది. ఇంగ్లీషున నున్న ఉత్తరువును ఎవరో చదివి తెలుగున చెప్పగా, తమిళమున వచ్చిన జాబును మరియొకరు చదివి చెప్పగా, వినిన ఉద్యోగి పని దొరకినదనియే తలచి తీపి పంచును. న్యాయశాస్త్రమున నీ మాటకు అంత దయ లేదు. పరిశీలింపుమనగా విన్నపమును చదివి అవునో కాదో చెప్పుమని మాత్రమే. అధికారి గడువులోపల “కాదు” అని కారణములతో వ్రాసినచో ఉత్తరువును పాలించినవాడే యగును. అప్పుడు ధిక్కారము లేదు.

ఈ విషయమును వివరించిన ప్రసిద్ధమైన తీర్పు తెలుగుదేశమునుండియే పుట్టినది. ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థలో కాంట్రాక్టు పద్ధతిని పనిచేసినవారు తమ్ము సంస్థలోనికి తీసికొనవలెనని కోరిన వ్యవహారము సుప్రీంకోర్టునకు పోగా, 2006 మార్చిలో ఆ న్యాయస్థానము “పరిశీలింపుము” అను ఉత్తరువునకును “ఇమ్ము” అను ఉత్తరువునకును గల భేదమును విప్పి చెప్పినది. కోర్టు తానే హక్కును నిర్ణయించి, ఆ నిర్ణయమునకు లోబడి పరిశీలింపుమనిన, అధికారికి స్వేచ్ఛ మిగులదు. ఏ నిర్ణయమును చేయక వట్టిగ పరిశీలింపుమనిన, తన బుద్ధిని ఉపయోగించి అవునో కాదో చెప్పు స్వేచ్ఛ అధికారికి ఉండును. రెండును కాగితముమీద ఒకే తీరున కనబడును; ఫలము వేరు. దీనికి పదేండ్లు ముందు, 1996లో, రాజస్థానమునకు సంబంధించిన సీనియారిటీ వివాదమున సుప్రీంకోర్టు మరియొక మాట చెప్పియుండెను. కోర్టు ఆజ్ఞను అనుసరించి ప్రభుత్వము ఒక జాబితా తయారుచేసిన తరువాత, ఆ జాబితా తప్పుగ నున్నదనుట కొత్త వ్యాజ్యమునకు కారణమగును గాని ధిక్కారము కాదు. అనగా తిరస్కారపు జాబు చేతికి వచ్చిననాడు చేయవలసినది దానిమీద కొత్త రిట్టు వేయుట.

తమిళనాడునందలి ఒక వ్యవహారము మరింత హెచ్చరిక చేయుచున్నది. 1982లో పని పోయిన ఉద్యోగి ఒకరు పదునెనిమిది ఏండ్లు ఊరకుండి 2000లో విన్నపము పెట్టుకొనిరి. పరిశీలింపుడని ట్రిబ్యునలు ఆజ్ఞ ఇచ్చినది, ప్రభుత్వము తిరస్కరించినది, తిరస్కారముమీద మరల వ్యాజ్యము నడచినది. “పరిశీలింపుము” అను ఆజ్ఞ చచ్చిన వాదమునకు ప్రాణము పోయజాలదని 2008లో సుప్రీంకోర్టు తేల్చినది. వకీలు సులభముగ పరిశీలనోత్తరువు తెచ్చి ఇచ్చెనని సంతసించువారు ఈ తీర్పును తలచుకొనవలెను. సులభముగ వచ్చినది సులభముగనే పోవును. మా అభిప్రాయమున, హక్కును నిర్ణయించుమని కోర్టును గట్టిగ కోరక, పరిశీలనోత్తరువుతోనే తృప్తిపడి ఇంటికి వచ్చుట ఉద్యోగికి పలుమారులు నష్టమునే తెచ్చుచున్నది.

ఉత్తరువు స్పష్టముగ నున్నదనుకొందము: “ఎనిమిది వారములలో పనిలో చేర్చుకొనుడు, జీతపు బాకీ చెల్లింపుడు.” అప్పుడును పాలింపకుండుట బుద్ధిపూర్వకమై యుండవలెను. ఉత్తరువునకు రెండర్థములు నిజముగ వచ్చుచుండి, అధికారి ఒక యర్థమును పట్టుకొని నడచిన, అది ధిక్కారము కాదు. నిధులు మంజూరు చేయు అధికారము పై కార్యాలయమునకే యుండి, క్రింది అధికారి వెంటనే వ్రాసి తెప్పించుకొనుటకు ప్రయత్నించుచున్న, ఆ ఆలస్యమును కోర్టు ఒక కన్నుతో చూచును. ఫైలును బీరువాలో పెట్టి తాళము వేసినవానిని మరియొక కన్నుతో చూచును.

అప్పీలు వేసితిమను సమాధానము తరచుగ వినవచ్చును. అప్పీలు వేసినంత మాత్రమున ఉత్తరువు ఆగదు, స్టే రావలెను. సివిలు ప్రొసీజరు కోడులో నీ సంగతి స్పష్టముగ నున్నది. ఐనను, స్టే కోరు అర్జీ విచారణకై వేచియుండగా ధిక్కారమును ముందుకు నడపుట తగదని, మొదట స్టే అర్జీని తేల్చవలెనని 1995లో సుప్రీంకోర్టు ఒక ఉద్యోగి వ్యవహారముననే చెప్పినది. ఆ అర్జీని వేసి నిద్రపుచ్చువారును లేకపోలేదు. అట్టిచోట దానిని త్వరగ విచారింపుడని ఉద్యోగి పక్షమునుండియే కోరుట మేలు.

ఇక గడువు. 1971 చట్టపు 20వ సెక్షను ప్రకారము, ధిక్కారము జరిగినదని చెప్పబడు తేదీనుండి ఒక సంవత్సరము దాటినచో విచారణ ఆరంభింపరాదు. ఆ ఏడాదిలోపల అర్జీ కోర్టులో పడిన చాలునని 2001లో సుప్రీంకోర్టు నిర్ణయించినది. పైన చెప్పిన ఉదాహరణమున నకలు అధికారికి జనవరి 1న అందినచో ఎనిమిది వారములు ఫిబ్రవరి చివరివరకు నడచును. ఆ గడువు ముగిసిన నాటినుండి ఏడాది లెక్క. “ఇంకను ఈయలేదు గదా, దినదినమును ధిక్కారమే గదా” అని మనవారు వాదింతురు. తెలంగాణమునుండి పోయిన ఒక భూవివాదమున 2024 జూలైలో సుప్రీంకోర్టు ఈ వాదమును నిశితముగ పరీక్షించినది. ఒకమారు జరిగిన తప్పిదపు ఫలము కొనసాగుట వేరు, తప్పిదమే కొనసాగుట వేరు అని చెప్పి, గడువు దాటిన ధిక్కారపు అర్జీని నిలువనీయలేదు. కాబట్టి గుమాస్తా చెప్పు “వచ్చే నెల” అను మాటను పన్నెండు నెలలు నమ్మరాదు.

ఇందుకు చేయవలసిన పని చిన్నది. తీర్పు వెలువడిన వెంటనే సర్టిఫైడు నకలునకు దరఖాస్తు పెట్టవలెను. వచ్చిన నకలును ముట్టినట్లు రసీదుతో రిజిస్టరు తపాలాలో అధికారికి పంపవలెను. చేతికిచ్చినచో రెండవ ప్రతిమీద ముద్రయు తేదీయు వేయించుకొనవలెను. ఉత్తరువు తెలియదను మాట ఆ ముద్రతో పోవును. గడువు దాటగనే న్యాయవాదిచేత ఒక నోటీసు పంపించుట మంచిది. పెక్కు ఉత్తరువులు ఆ నోటీసుతోనే కదలును. ధిక్కారపు అర్జీలో అధికారి పేరును హోదాను చేర్చి వ్రాయుట వాడుక, ఏలయన శిక్ష పడినచో పడునది మనుష్యునికే గాని కుర్చీకి కాదు. ఆ మనుష్యుడు బదిలీయై పోయినచో క్రొత్తగ వచ్చినవారికి నకలును మరల పంపవలెను. బద్ధకించి ఈ ఒక్క పనిని మానినందున నిలిచిపోయిన అర్జీలు కలవు.

శిక్ష యెంత? ఆరు నెలలకు మించని సాధారణ కారాగారము, లేక రెండువేల రూపాయలకు మించని జరిమానా, లేక రెండును. 1971లో రెండువేలు ఉపాధ్యాయునికి పెక్కు నెలల జీతము. ఇప్పుడు ఆ యంకెను చూచి భయపడు అధికారి యెవడు? భయము జరిమానాకు గాదు, జైలునకును, సర్వీసు రికార్డునకును. హృదయపూర్వకముగ క్షమాపణ కోరినచో శిక్షను తీసివేయుటకు కోర్టునకు అధికారము కలదు; పెక్కు కేసు లచటనే ముగియును. అన్నియు ముగియవు. బెంగుళూరు నగర కార్పొరేషను ఇంజనీరు ప్రమోషను విషయమున తన ఉత్తరువును పాలింపనందుకు 1995లో సుప్రీంకోర్టు కర్ణాటక ప్రభుత్వపు ఐ.ఏ.ఎస్. కార్యదర్శి నొకరిని ఒక నెల కారాగారమునకు పంపినది. జమ్ము కాశ్మీరున దినవేతనమున పనిచేసినవారి విషయమై 2007లో హైకోర్టు ఇచ్చిన ఉత్తరువు పదునారేండ్లు అమలుకాకపోగా, 2025 మార్చిలో సుప్రీంకోర్టు 25,000 రూపాయల ఖర్చులు విధించి, ధిక్కారపు విచారణను వారము వారము జరుపుమని హైకోర్టును కోరినది. దినకూలివాని పదునారేండ్లను ఏ ఖర్చులు తీర్చును?

ఉద్యోగవివాదము కాకపోయినను, బడిపిల్లలు చదువు సంచిక గనుక మరియొకటి చెప్పుదుము. పాఠశాలల ఆవరణలలో గ్రామ సచివాలయములు మొదలగువానిని కట్టరాదని ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఇచ్చిన ఉత్తరువును పాలింపలేదని 2022 మార్చి 31న ఎనమండుగురు ఐ.ఏ.ఎస్. అధికారులకు రెండు వారముల కారాగారము విధింపబడినది. వారు క్షమాపణ కోరగా న్యాయమూర్తి ఆ శిక్షను మార్చి, ఏడాదిపాటు నెలకొక దినము సాంఘిక సంక్షేమ వసతిగృహములలో సేవచేయుమనిరి. బడి ఆటస్థలమునకును హైకోర్టు కాపుదల యుండునని పిల్లలు తెలిసికొందురుగాక.

అధికారులను మాటిమాటికి కోర్టునకు రప్పించుటపై అదుపు వచ్చిన సంగతియు చెప్పవలెను. 2024 జనవరి 3న సుప్రీంకోర్టు ఒక పద్ధతిని నిర్ణయించి, స్వయముగ రప్పించుట అరుదుగ నుండవలెననియు, అవసరమైనచో మొదట వీడియో ద్వారా హాజరుకానీయవలెననియు, వారి దుస్తులనుగూర్చియు చదువునుగూర్చియు వ్యాఖ్యలు కూడదనియు చెప్పినది. కలెక్టరు చేతులు కట్టుకొని నిలువబడుటను చూడవలెనను కోరికతో కేసు వేయువారికి ఇది నిరాశయే.

కార్ఖానా కార్మికుల దారి కొంత వేరు. లేబరుకోర్టు తీర్పు రాగా యజమాని హైకోర్టునకు పోయినచో, ఆ విచారణ ముగియువరకు కార్మికునికి చివరగ తీసికొన్న జీతము ఈయవలెనను నియమము 1947 పారిశ్రామిక వివాదముల చట్టమున 17బి సెక్షనుగ 1984నుండి అమలులోనికి వచ్చినది. రావలసిన సొమ్మును లెక్కకట్టించుకొని వసూలు చేయించుకొనుటకు 33సి సెక్షను ఉండెను. ధిక్కారముకంటె ఈ మార్గములే అన్నము పెట్టినవి. 2025 నవంబరు 21నుండి ఆ చట్టపు స్థానమున 2020 నాటి పారిశ్రామిక సంబంధముల కోడు అమలులోనికి వచ్చినది గనుక, పాత సెక్షనుల అంకెలను పట్టుకొని పోక, కొత్త కోడు తెలిసిన న్యాయవాదిని అడుగవలెను. పాత చట్టము క్రింద ఉపాధ్యాయులు “కార్మికులు” కారని సుప్రీంకోర్టు 1988లోనే చెప్పినది. అందుచేతనే మన పంతుళ్లు హైకోర్టు మెట్లు ఎక్కిరి.

ఇంతవరకు ఉత్తరువును పొందినవాని పక్షమున చెప్పితిమి. ఉత్తరువు ఉద్యోగికే అనుకూలమై యుండునని లేదు. 1920లో బకింగుహాము మిల్లు తగవులో మదరాసు హైకోర్టు కార్మికసంఘపు నాయకుడు వాడియాగారి మీదనే ఇంజంక్షను ఇచ్చినది. ఆ పరాభవమునుండియే కార్మికసంఘములకు రక్షణనిచ్చు 1926 చట్టమునకు త్రోవ ఏర్పడినది. మునసబు కోర్టు ఇచ్చు ఇంజంక్షను సైతము చులకన కాదు. దానిని మీరినవాని ఆస్తిని జప్తుచేయుటకును, మూడు నెలలవరకు సివిలు జైలులో నుంచుటకును ఆ కోర్టునకే అధికారము కలదు.

పాఠశాలలను నడపు భాషాల్పసంఖ్యాక సంఘములు సైతము యజమానులే. 30వ అధికరణము మనకు విద్యాసంస్థలను నడపుకొను హక్కునిచ్చినది. హైదరాబాదు మైనారిటీ పాఠశాలల వ్యవహారమున 1980లో సుప్రీంకోర్టు, ఉపాధ్యాయుని తొలగించుటకు ముందుగ ప్రభుత్వానుమతి పొందవలెనను ఆంధ్రప్రదేశ్ చట్టనియమము మైనారిటీ సంస్థలకు వర్తింపదని చెప్పినది. 1986లో ఢిల్లీ పాఠశాల కేసున అదే న్యాయస్థానము, మైనారిటీ పాఠశాల ఉపాధ్యాయులకును ఇతర పాఠశాలలవారితో సమానముగ జీతమును, అప్పీలు హక్కును ఉండవలెననినది. ఈ రెండింటిలో మొదటిదానిని మాత్రమే జ్ఞాపకముంచుకొను కార్యదర్శులు కలరు. కోర్టు “చేర్చుకొనుడు” అని వ్రాసిన తరువాత 30వ అధికరణము కవచము కాదు. ఆ ఉత్తరువు కార్యదర్శి పేరను, కరెస్పాండెంటు పేరను ఉన్నచో ధిక్కారపు నోటీసు వచ్చునదియు ఆ పేరునకే. పాలించుట నిజముగ కష్టమైనచో, అప్పీలు వేసి స్టే తెచ్చుకొనవచ్చును. కాలము చాలదనిన గడువు దాటకముందే కారణములతో ప్రమాణపత్రము దాఖలుచేసి గడువు పొడిగింపు కోరవచ్చును. గడువు దాటిన మరునాడు అదే కారణమును ధిక్కారపు నోటీసునకు సమాధానముగ వ్రాసినచో, దానిని వినువారి చెవి వేరుగ నుండును.